సీఆర్‌వీ ఆల్ వీల్ డ్రైవ్: ప్రొపెల్లర్ షాఫ్టు దించి చూడాలనుకుంటున్నాను, సలహాలు కావాలి

ఉత్తరతీరం (డెట్రాయిట్ శివారు, మిషిగన్)

అందరికీ నమస్కారం. నా బండి 2005 నాటి హోండా సీఆర్‌వీ, 2.4 లీటర్ల పెట్రోలు, ఆటోమేటిక్, ఆల్ వీల్ డ్రైవ్. ఇక్కడి చలికాలాలన్నీ చూసిన బండి. ఈ వసంతం మొదలైనప్పటి నుంచి రెండు ఇబ్బందులు కనిపిస్తున్నాయి. సిగ్నల్ దగ్గర ఆగి కదిలేటప్పుడు నడుమ భాగంలో, నేల కింద నుంచి దడదడమని ఒక కుదుపు వస్తోంది. గంటకు 50 మైళ్ల వేగం దగ్గర సన్నని వణుకు మొదలవుతోంది. అది స్టీరింగులో తెలియదు, సీటులోనే తెలుస్తుంది. టైర్లు నాలుగూ ఒకేసారి మార్చినవే, బ్యాలెన్సింగ్ కూడా అయింది.

దగ్గరలోని ఒక వర్క్‌షాపులో చూపిస్తే ప్రొపెల్లర్ షాఫ్టు, అంటే ముందు నుంచి వెనుక చక్రాల వైపుకు బలాన్ని చేరవేసే పొడవాటి తిరిగే గొట్టం, మొత్తం మార్చాలన్నారు. ఏ భాగం అరిగిందని అడిగితే జవాబు లేదు. ఏం పాడైందో తెలియకుండా అంత డబ్బు పెట్టడం నాకు ఇష్టం లేదు. నేనే దించి, కళ్లతో చూసి, చేత్తో తిప్పి నిర్ణయించుకోవాలని ఉంది. నేల జాకీ, నాలుగు స్టాండ్లు, టార్క్ రెంచ్ ఉన్నాయి. అనుభవం ఉన్నవారు దారి చూపించగలరా?

ఆటోనగర్‌పానా (విజయవాడ)

మంచి నిర్ణయం. అయితే పానా పట్టే ముందు బండి నడిపి తేల్చుకోవలసినవి కొన్ని ఉన్నాయి. షాఫ్టు దించాక ఈ పరీక్షలు చేయలేరు.

వణుకు బండి వేగంతో వస్తోందా, ఇంజిను వేగంతో వస్తోందా అన్నది మొదటి ప్రశ్న. 50 మైళ్ల దగ్గర టాప్ గేరులో ఒకసారి, ఒక గేరు తగ్గించి ఒకసారి నడపండి. ఇంజిను చప్పుడు పెరిగినా వణుకు అదే వేగం దగ్గర అలాగే ఉంటే లోపం గేర్‌బాక్సు తర్వాతి భాగాల్లో ఉంది. ఇంజిను వేగంతో పాటు మారితే షాఫ్టు జోలికి వెళ్లకండి, ఇంజిను మౌంటింగులు చూడండి.

రెండోది, యాక్సిలరేటరు తొక్కినప్పుడు, వదిలేసినప్పుడు తేడా ఉందా? తొక్కినప్పుడు మాత్రమే ఊగిసలాట వస్తే ముందు చక్రాల యాక్సిళ్లలో లోపలి జాయింటు మీద అనుమానపడాలి. స్టీరింగు పూర్తిగా తిప్పి మెల్లగా వెళ్తున్నప్పుడు టకటక వస్తే బయటి జాయింటు. వంపుల్లో బండి ఒక పక్కకు ఒరిగినప్పుడు హోరు మారితే చక్రం బేరింగు. ఇవేవీ కాకపోతేనే నడుమ షాఫ్టు.

కదిలేటప్పుడు కుదుపు అన్నారు కదా. నా అనుభవంలో అది చాలాసార్లు షాఫ్టును నడుమ పట్టి నిలిపే సెంటర్ బేరింగు చుట్టూ ఉండే రబ్బరు చిరగడం వల్ల వస్తుంది. బరువు పడగానే షాఫ్టు నడుము పైకి ఎగిరి కొట్టుకుంటుంది, వేగం అందుకున్నాక సర్దుకుంటుంది.

భాగ్యనగరవాసి (హైదరాబాద్)

మా ఇంట్లో ఇదే తరం సీఆర్‌వీ ఉంది కాబట్టి ఒక హెచ్చరిక. ఈ బండిలో వెనుక డిఫరెన్షియల్ (వెనుక రెండు చక్రాలకూ బలం పంచే గేర్ల పెట్టె) ముందు రెండు నూనె పంపులు ఉంటాయి. ఒకదాన్ని ప్రొపెల్లర్ షాఫ్టు తిప్పుతుంది, రెండోదాన్ని వెనుక చక్రాలు తిప్పుతాయి. రెండింటి వేగం సమానంగా ఉన్నంతసేపు ఒత్తిడి పుట్టదు. ముందు చక్రాలు జారి షాఫ్టు వేగం పెరిగితే ఒత్తిడి పుట్టి క్లచ్ పలకలు బిగుసుకుంటాయి, వెనుక చక్రాలకు బలం అందుతుంది. ఆ నూనె పాతబడితే పార్కింగులో బాగా తిప్పి మెల్లగా వెళ్తున్నప్పుడు వెనుక నుంచి మూలుగు, వణుకు వస్తాయి. చాలామంది దాన్ని షాఫ్టు చప్పుడు అనుకుంటారు.

మీకు అలాంటి మూలుగు కూడా ఉంటే ముందు ఆ నూనె మార్చి చూడండి. హోండా వారి డ్యూయల్ పంప్ ఫ్లూయిడ్ మాత్రమే పోయాలి, మామూలు గేర్ ఆయిల్ పనికిరాదు. పట్టేది సుమారు ఒక లీటరే. కింది బిరడా విప్పే ముందు పైది, అంటే నూనె పోసే బిరడా, విప్పగలుగుతున్నారో లేదో చూసుకోండి. కిందిది విప్పి నూనెంతా కారిపోయాక పైది రాకపోతే బండి అక్కడే నిలిచిపోతుంది.

లెక్కలమాస్టారు (గుంటూరు)

చేత్తో తెలుసుకునేది ఎంత ఉందో అంకెలతో తెలుసుకునేదీ అంత ఉంది. 215/65 ఆర్16 టైరు చుట్టుకొలత సుమారు 2.15 మీటర్లు. 50 మైళ్లంటే 80 కిలోమీటర్లు, సెకనుకు 22 మీటర్లకు కొంచెం ఎక్కువ. అంటే చక్రం సెకనుకు పది సార్లు పైచిలుకు తిరుగుతుంది. ఈ బండిలో షాఫ్టు చక్రం కన్నా సుమారు రెండున్నర రెట్లు వేగంగా తిరుగుతుంది, అంటే సెకనుకు 26 సార్లు.

ఇక యూ-జాయింటు, అంటే షాఫ్టు వంపులో కూడా తిరగడానికి వీలిచ్చే కీలు, దాని సంగతి. అది వంపులో తిరిగేటప్పుడు అవతలి షాఫ్టు వేగం ఒకే తీరుగా ఉండదు. ప్రతి చుట్టుకూ రెండుసార్లు పెరిగి, రెండుసార్లు తగ్గుతుంది. 10 డిగ్రీల వంపు ఉంటే ఈ తేడా అటూ ఇటూ ఒకటిన్నర శాతం. రెండు జాయింట్లు ఒకే కోణంలో, ఒకే తలంలో ఉంటే ఒకదాని హెచ్చుతగ్గులను మరొకటి సరిచేస్తుంది. ఒకటి బిగుసుకుపోయినా, షాఫ్టు సగాలను విడదీసి తప్పు పళ్లలో బిగించినా ఆ సర్దుబాటు పోతుంది.

కాబట్టి ఫోనులో కంపనాలు కొలిచే యాప్ పెట్టి, ఫోనును సీటు పట్టాల దగ్గర నేలకు ఆనించి చూడండి. పక్కన ఎవరినైనా కూర్చోబెట్టుకోండి, నడుపుతూ చూడవద్దు. యాప్ గీసే బొమ్మలో సెకనుకు 10 దగ్గర గుట్ట కనిపిస్తే టైరు, చక్రం. 26 దగ్గరైతే షాఫ్టు బ్యాలెన్సు. 52 దగ్గరైతే యూ-జాయింటు.

ఉత్తరతీరం

మాస్టారు గారూ, ఈ పద్ధతి నాకు ఎంతో నచ్చింది. మా అబ్బాయిని పక్కన కూర్చోబెట్టుకుని వెళ్లి వచ్చాను. 26 దగ్గర చిన్న గుట్ట ఉంది, 52 దగ్గర దానికి రెట్టింపు ఎత్తున మరొకటి. 10 దగ్గర చెప్పుకోదగినదేమీ లేదు. గేరు మార్చినా వణుకు అదే వేగం దగ్గర ఉంది. వంపుల్లో తేడా లేదు. భాగ్యనగరవాసి గారు చెప్పిన మూలుగు కూడా కొంచెం ఉంది, పార్కింగులోకి తిప్పేటప్పుడు మాత్రమే.

నిదానం (డాలస్)

దించే పనికి ముందు ఒక్క మాట వినండి. షాఫ్టు పనిలో మనిషి బండి నడుము కింద, బయటికి దూకే వీలు లేని చోట పడుకుంటాడు. జాకీ మీద ఉన్న బండి కింద ఒక్క నిమిషం కూడా దూరవద్దు. చదునైన కాంక్రీటు మీద, నాలుగు స్టాండ్లూ ఒకే ఎత్తులో, తయారీదారు చెప్పిన చోట్లలోనే పెట్టండి. ఎక్కించాక భుజంతో గట్టిగా తోసి చూడండి. కదిలితే దించి మళ్లీ పెట్టండి. విప్పిన చక్రాలను పక్క అంచుల కింద పడుకోబెడితే అది మరో రక్షణ. మన ఊళ్లలో ఇటుకలు, సిమెంటు దిమ్మెలు పెట్టడం చూశాను. అవి చెప్పాపెట్టకుండా పగిలిపోతాయి. చదువుతున్న ప్రతి ఒక్కరూ ఇది మనసులో పెట్టుకోవాలని అడుగుతున్నాను.

కళ్లద్దాలు తప్పనిసరి. మీ ప్రాంతంలో రాలేది దుమ్ము కాదు, ఉప్పు పట్టిన తుప్పు.

ఆటోనగర్‌పానా

నిదానం గారి మాటకు నా పూర్తి మద్దతు. అంకెలు చూశాక నాకూ అనుమానం లేదు, షాఫ్టు దించండి.

ముందు రోజు రాత్రే ప్రతి బోల్టుకూ తుప్పు వదిలించే నూనె కొట్టి వదిలేయండి. సైలెన్సర్ పైపు గానీ, వేడి తగలకుండా పెట్టిన రేకు గానీ అడ్డం వస్తే వాటిని ముందుగా వదులు చేసుకోండి. ఆ రేకు బోల్టులు తుప్పుతో తెగడం మామూలే.

తర్వాత చేసేది ఈ పని మొత్తంలో ముఖ్యమైనది: గుర్తులు. తీగల బ్రష్షుతో శుభ్రం చేసి, ముందు ఫ్లాంజికీ (బోల్టులు పట్టే పలక) దానికి ఆనిన షాఫ్టు ఫ్లాంజికీ కలిపి ఒక తెల్ల రంగు గీత, వెనుక కూడా అలాగే. నడుమ రెండు ముక్కలు కలిసే చోట మరో గీత. రంగు చెరిగిపోవచ్చు కాబట్టి సన్నని ఉలితో చిన్న చుక్క కూడా పెట్టండి. ఫ్యాక్టరీలో షాఫ్టును ఏ స్థితిలో బ్యాలెన్సు చేశారో అదే స్థితిలో తిరిగి కూర్చోవాలి. ఫొటోలు తీసుకోండి, కానీ ఫొటో గీతకు బదులు కాదు.

ఫ్లాంజికి నాలుగేసి బోల్టులు ఉంటాయి. బోల్టు విప్పేటప్పుడు గేరు లివర్ P లో ఉంచితే షాఫ్టు కదలదు. తర్వాతి బోల్టు చేతికి అందేలా తిప్పుకోవడానికి N లోకి మార్చి మళ్లీ P లో పెట్టుకోండి. ఇంకొకరు లోపల కూర్చుంటే పని సులువు, బండి ఎక్కేటప్పుడు దిగేటప్పుడు మాత్రం మీరు కింద ఉండకూడదు. తలకు సరిగ్గా సరిపోయే సాకెట్టే వాడండి, చిన్న బోల్టులు, తల గుండ్రం అయిందంటే పని మూడు రెట్లవుతుంది. రెండు చివరలూ వదులయ్యాక, నడుమ బేరింగు బ్రాకెట్టును ఆఖరున విప్పాలి. బ్రాకెట్టుకూ బాడీకీ మధ్య పలుచని బిళ్లలు ఉంటే ఏ పక్కది ఎన్ని, ఎంత మందమో రాసుకోండి, అవి షాఫ్టు కోణాన్ని నిర్ణయిస్తాయి.

ఒక చివర విప్పి షాఫ్టును గాలిలో వేలాడనివ్వవద్దు. జాయింటు తన హద్దు దాటి వంగితే బాగున్నది కూడా పాడవుతుంది. తీగతో పైకి కట్టండి, లేదా కింద ఇంకో మనిషి పట్టుకోవాలి.

గోదారిగాలి (కాకినాడ)

మధ్యలో అడుగుతున్నందుకు క్షమించండి. నాది ఆల్ వీల్ డ్రైవ్ కాదు, ఫోర్ బై ఫోర్ జీపు. సముద్రపు ఒడ్డున ఎక్కువగా తిరుగుతాను. నా షాఫ్టులను కూడా ఇలాగే దించి చూడాలా?

ఆటోనగర్‌పానా

మీ బండి షాఫ్టుల క్రాసులకు (యూ-జాయింటు నడుమ ఉండే కూడిక గుర్తు ఆకారపు ముక్క) గ్రీజు నిపుల్ (గ్రీజు ఎక్కించే చిన్న మూతి) ఉందేమో ముందు చూడండి. ఉంటే దించనవసరం లేదు. ఉప్పునీరు తగిలిన ప్రతిసారీ మంచినీటితో కడిగి, క్రాసు కొసలకు ఉండే నాలుగు కప్పుల నుంచీ కొత్త గ్రీజు బయటికి వచ్చేదాకా గన్నుతో ఎక్కించండి. మూడు కప్పుల నుంచి వచ్చి నాలుగోదాని నుంచి రాకపోతే ఆ క్రాసును గమనిస్తూ ఉండాలి.

మంచుదారి (బఫెలో, న్యూయార్క్)

ఉత్తరతీరం గారూ, ఇంకో తేలిక మార్గం ఉంది. షాఫ్టు పూర్తిగా తీసేసి, అది లేకుండానే ఒకసారి నడిపి చూడండి. వణుకు పోతే దొంగ దొరికినట్టే. సీఆర్‌వీ ముందు చక్రాలతోనే నడుస్తుంది కదా.

ఆటోనగర్‌పానా

ఈ బండి వరకు ఒప్పుకుంటాను, కానీ చదివినవారు అన్ని బండ్లకూ ఇది అన్వయించుకుంటారేమోనని భయం. సీఆర్‌వీలో షాఫ్టు ఫ్లాంజితో బిగిసి ఉంటుంది కాబట్టి తీసినా నూనె కారదు. అదే సుబారులో షాఫ్టు ముందు కొస గేర్‌బాక్సు తోకలోకి దూరి ఉంటుంది. లాగగానే నూనె కారుతుంది, ఆ రంధ్రం మూయకుండా నడపకూడదు. నడుమ డిఫరెన్షియల్ ఉన్న పెద్ద బండ్లలో ఒక షాఫ్టు తీస్తే బలమంతా ఖాళీగా ఉన్న వైపుకు పోతుంది, డిఫరెన్షియల్ లాక్ చేస్తే తప్ప బండి కదలదు. అంతకన్నా ప్రమాదం, P లో పెట్టినా బండి నిలబడదు. వాలులో ఆపి దిగితే జారిపోతుంది.

నిదానం

ఇది పెద్ద అక్షరాలతో రాయవలసిన సంగతి. మంచుదారి గారి సలహా సీఆర్‌వీకి మాత్రమే, అదీ ఇంటి చుట్టుపక్కల చిన్న పరీక్షకు మాత్రమే అని అందరూ గుర్తుంచుకోండి.

ఉత్తరతీరం

షాఫ్టు దిగింది. ఇక్కడ రోడ్లపై చల్లే ఉప్పు ఏం చేస్తుందో ఇప్పుడు దగ్గరగా చూశాను. డెట్రాయిట్ నగరం కిందే, వెయ్యి అడుగులకు పైగా లోతున ఉప్పు గని ఉంది. చలికాలమంతా ఉప్పు మా బండ్ల అడుగుకు అంటుకుంటూనే ఉంటుంది. వెనుక ఫ్లాంజి బోల్టుల్లో ఒకటి రాత్రంతా నూనెలో నానినా రాలేదు. ప్రొపేన్ మంటతో నట్టు వైపు వేడి చేస్తే వచ్చింది. పెట్రోలు ట్యాంకు, గొట్టాలు దగ్గర్లోనే ఉన్నాయి కాబట్టి అడ్డంగా రేకు పెట్టి, మంటలార్పే సిలిండరు పక్కన ఉంచుకుని, అతి కొద్దిసేపు మాత్రమే వేడి చేశాను.

ఇప్పుడు షాఫ్టు బల్ల మీద ఉంది. ఏం చూడాలో, ఎలా చూడాలో చెప్పండి. తొందర లేదు.

ఆటోనగర్‌పానా

ముందు కడగకండి. మురికి చాలా సంగతులు చెబుతుంది. జాయింటు కప్పుల చుట్టూ ఎర్రని పొడి కనిపిస్తే లోపల గ్రీజు ఎండిపోయి సూదులు (సన్నని బేరింగు రోలర్లు) తుప్పు పట్టాయని అర్థం. షాఫ్టు గొట్టం మీద ఒక చోట మాత్రం నలుచదరంగా శుభ్రమైన మచ్చ ఉంటే అక్కడి బ్యాలెన్సు బిళ్ల ఊడిపోయింది. రెండూ చూశాక కడగండి.

తర్వాత ఒక్కో జాయింటునూ పట్టుకోండి. ఒక చేత్తో ఒక పక్క, రెండో చేత్తో రెండో పక్క. ఎదురెదురుగా మెలితిప్పండి. వెంట్రుకవాసి ఆట (వదులు) తెలిసినా అది పోయినట్టే, ఇక్కడ సర్దుకుపోయే పరిమితి లేదు. ఆట లేకపోతే నాలుగు దిక్కులకూ మెల్లగా వంచండి. కవ్వం తాడు లాగినట్టు ఒకే బరువుతో సాగాలి. నిటారుగా ఉన్న స్థితిలో గుంటలో పడినట్టు టక్కున ఆగితే సూదులు ఒకేచోట కొట్టుకుని క్రాసు మీద గాడి చేశాయి. షాఫ్టు జీవితమంతా చిన్న కోణంలోనే పనిచేస్తుంది కాబట్టి గాడి ఎప్పుడూ నడుమనే పడుతుంది. ఆట లేదు కాబట్టి బాగుందనుకునే జాయింట్లలో ఎక్కువ ఇవే. బండి కింద పడుకుని ఊపి చూస్తే ఇది తెలియదు. షాఫ్టు దించాలని నేను పట్టుబట్టేది అందుకే.

సెంటర్ బేరింగును మెల్లగా తిప్పి, చెవి దగ్గర పెట్టి వినండి. రబ్బరును వేళ్లతో పక్కకు తోసి, మడతల లోపల చీలికలున్నాయేమో లైటు వేసి చూడండి. గొట్టాన్ని రెండు చెక్క వీ దిమ్మెల మీద పెట్టి, డయల్ ఇండికేటరు (ముల్లుతో సన్నని తేడా చూపే కొలత పరికరం) పెట్టి తిప్పితే వంకర తెలుస్తుంది. చాలా మాన్యువళ్లు ఒకటి, ఒకటిన్నర మిల్లీమీటరుకు మించనివ్వవు. చివరగా, బండి వైపు కూడా చూడటం మరవకండి. ట్రాన్స్‌ఫర్ ఫ్లాంజి (గేర్‌బాక్సు వైపుది), డిఫరెన్షియల్ ఫ్లాంజి పట్టుకుని పైకీ కిందికీ ఊపండి, సీలు దగ్గర నూనె తడి ఉందేమో చూడండి.

ఉత్తరతీరం

చెప్పినవన్నీ చూశాను. సెంటర్ బేరింగు రబ్బరు దాదాపు సగం చుట్టు ఇనుప వలయం నుంచి విడిపోయింది. బేరింగు తిప్పితే ఇసుక నలిగిన చప్పుడు. వెనుక చివరి యూ-జాయింటులో ఆట లేదు, కానీ నిటారు స్థితిలో స్పష్టంగా గుంటలో పడుతోంది, కప్పుల చుట్టూ ఎర్రపొడి. మిగతావి సాఫీగా ఉన్నాయి. బిళ్లలు ఊడలేదు, గొట్టం వంకర అర మిల్లీమీటరు లోపే. బండి వైపు ఫ్లాంజిలు గట్టిగా, పొడిగా ఉన్నాయి.

కదిలేటప్పటి కుదుపు, 52 దగ్గరి గుట్ట, రెండూ ఇప్పుడు నాకు అర్థమయ్యాయి.

లెక్కలమాస్టారు

26 దగ్గర చిన్న గుట్ట కూడా అర్థమైంది. రబ్బరు విడిపోయాక షాఫ్టు నడుము తన అక్షం మీద నిలవడం లేదు. చదువుతుంటే ఎంతో సంతోషంగా ఉంది, లెక్కా లోహమూ ఒకే మాట చెబుతున్నాయి.

మంచుదారి

ఇప్పుడు అసలు ప్రశ్న. ఈ జాయింట్లకు సర్క్లిప్పులు (కప్పు జారకుండా పట్టే ఉక్కు రింగులు) ఉండవు, ఫ్యాక్టరీలో అంచు లోహాన్ని నొక్కి కప్పులను బిగించేస్తారు. హోండా లెక్క ప్రకారం జాయింటు పోతే షాఫ్టే మార్చాలి. వర్క్‌షాపు వారు కారణం చెప్పకపోయినా, ముగింపు సరైనదే అయిందేమో.

ఆటోనగర్‌పానా

అంత తొందరగా ఒప్పుకోలేను. ఇక్కడ మా ఆటోనగర్‌లో లారీ షాఫ్టులు బాగుచేసే షెడ్లలో ఇలాంటివి నిత్యం చేస్తారు. నొక్కిన అంచును లేత్ మీద చెక్కి, కొలతకు సరిపోయే క్రాసు వేసి, లోపల గాడి కోసి సర్క్లిప్పు పెడతారు, లేదా మళ్లీ నొక్కుతారు. ఆ తర్వాత యంత్రం మీద బ్యాలెన్సు చేసి బిళ్లలు అతుకుతారు. బ్యాలెన్సు యంత్రం లేని చోట మాత్రం ఇవ్వకండి. క్రాసు నడిమధ్యలో కూర్చోకపోతే కొత్త వణుకు కొనుక్కున్నట్టే. పని తెలిసిన చేతిలో పాత షాఫ్టు ఇంకా చాలా ఏళ్లు నడుస్తుంది. ఒక గట్టి ఉక్కు గొట్టాన్ని చెత్తలో పారేయడం నాకు మనసొప్పదు.

భాగ్యనగరవాసి

ఊరిని బట్టి లెక్క మారుతుంది. ఇక్కడ ఈ షాఫ్టు కొత్తది దొరకడమే కష్టం, కాబట్టి మేమైతే బాగుచేయించుకుంటాం. అక్కడ మనిషి కూలి ఎక్కువ, బయటి కంపెనీల షాఫ్టులు తేలికగా దొరుకుతాయి. కొనేటప్పుడు రెండు కొసల మధ్య పొడవు, ఫ్లాంజి రంధ్రాల దూరం మీ పాతదానితో కొలిచి చూసుకోండి. గ్రీజు నిపుల్ ఉన్న జాయింట్లతో వస్తే ఇంకా మంచిది.

ఉత్తరతీరం

ఇద్దరి మాటా విని రెండు చోట్లా ధర అడిగాను. మా ప్రాంతంలోనే భారీ వాహనాల షాఫ్టులు చేసే ఒక షెడ్డు ఉంది, బ్యాలెన్సు యంత్రం కూడా ఉంది. నా షాఫ్టు తీసుకెళ్లి చూపిస్తే, జాయింటు మార్పు, కొత్త సెంటర్ బేరింగు, బ్యాలెన్సు కలిపి కొత్త షాఫ్టు ధరలో సగం కన్నా తక్కువ చెప్పారు. పెద్దాయన ఒకరు నా కళ్లముందే జాయింటును వంచి, నాకు తెలిసిన ఆ గుంటనే చూపించారు. ఆయన చేతికే ఇచ్చి వచ్చాను.

ఉత్తరతీరం

షాఫ్టు వచ్చింది, ఎక్కించాను. గీతలు కలిపి, ఫ్లాంజి ముఖాలను తుప్పు లేకుండా గీకి, కొత్త బోల్టులతో బిగించాను. సెంటర్ బ్రాకెట్టును ముందు వదులుగా పెట్టి, రెండు చివరలూ బిగించాక, షాఫ్టును చేత్తో కొన్ని చుట్లు తిప్పి, రబ్బరు ఏ పక్కకూ లాగబడకుండా చూసి అప్పుడు బిగించాను. అన్నీ మాన్యువల్‌లోని టార్కుకే.

కుదుపు పూర్తిగా పోయింది. 50 మైళ్ల దగ్గర ఫోను చూపిస్తే 52 దగ్గర ఏమీ లేదు, 26 దగ్గర కనీకనిపించని గీత. పార్కింగులో మూలుగు మాత్రం అలాగే ఉంది. వచ్చే వారం డిఫరెన్షియల్ నూనె మారుస్తాను, పై బిరడా ముందు విప్పి.

భాగ్యనగరవాసి

నూనె మార్చాక ఖాళీ స్థలంలో స్టీరింగు పూర్తిగా తిప్పి, మెల్లగా ఎనిమిది అంకె ఆకారంలో కొన్ని చుట్లు తిప్పండి. కొత్త నూనె క్లచ్ పలకల మధ్యకు చేరాలి. పాత నూనె మరీ నల్లగా ఉంటే కొన్నాళ్లకు మరోసారి మార్చండి.

ఆటోనగర్‌పానా

కొన్ని వందల మైళ్లు తిరిగాక ఫ్లాంజి బోల్టులకు ఒకసారి టార్క్ రెంచ్ పెట్టి చూడండి. పాత క్రాసు ఆ షెడ్డులో ఇంకా ఉంటే అడిగి తెచ్చుకుని, సూదులు చేసిన గాడిని ఫొటో తీసి ఇక్కడ పెట్టండి. గోదారిగాలి గారి లాంటి కొత్తవారికి అది చూస్తేనే అర్థమవుతుంది.